గొంతుకు మేకప్ లేదు

"నా సినిమా ఒక్కటన్న చూసినవా యోనా?"

గోదావరి ఒడ్డున ఒక తెలుగు సీరియల్ షూటింగ్‌కు కాస్త విరామం. లైట్లకు తీగలు లాగుతున్న యోనా తల ఎత్తలేదు. అతను సారపాక పేపరు మిల్లులో ఎలక్ట్రీషియన్. సెలవు పెట్టి మరీ ఈ పనికి వచ్చాడు. ఎవరి కోసం వచ్చాడో ఆ మాట అడిగిన రిబ్కాకు తెలుసు. అందుకే ఆమెకు అంత కోపం.

ఇద్దరూ మిల్లు కాలనీలో పక్కపక్క క్వార్టర్లలో పెరిగారు, ఒకే చర్చిలో పాటలు పాడారు. ఇప్పుడామె మద్రాసులో నటి. తెలుగులో సినిమాలు, తమిళంలో వారం వారం వచ్చే సీరియల్. ఆమె సినిమా భద్రాచలం వస్తే కాలనీ అంతా కదిలి వెళ్ళేది, యోనా తప్ప. ఆ సంగతి తన తల్లి మరియ ఫోన్లో చెప్పిన ప్రతిసారీ రిబ్కా మనసు ముక్కలయ్యేది.

"నేను యాక్టింగ్ చేస్తుంటే సిగ్గయితుందా? పెళ్ళయినంక మానెయ్యమంటవా? గట్లయితే ఇప్పుడే చెప్పు. ఇంక నీ కోసం ఎదురుచూడ."

ఆకాశానికి కూడా తొందరే. చినుకులు మొదలయ్యాయి. ఇద్దరూ జనరేటర్ మీద కట్టిన టార్పాలిన్ కిందికి పరుగెత్తారు.

"ఒకటి చూసిన," అన్నాడు యోనా. "పాల్వంచల. మొదటి ఆటకు పోయి ముందు వరుసల కూసున్న. తెర మీద నువ్వు నోరు తెరిచినవ్. ఇంకెవరో మాట్లాడిన్రు. నడుమల లేచి వచ్చిన."

రిబ్కా తెల్లబోయింది. తెలుగు సినిమాల్లో ఆమెకు ఎప్పుడూ వేరే ఆవిడే డబ్బింగ్ చెబుతుంది. రిబ్కా యాస సినిమాకు పనికిరాదన్నారు. తమిళ సీరియల్లో మాత్రం ఆమె వేషం ఆంధ్ర కోడలు కాబట్టి, యాస ఉన్నా సొంత గొంతుతో మాట్లాడనిచ్చారు. పుట్టిన భాషలో మూగ, నేర్చుకున్న భాషలో వాగుడుకాయ. లోకం తీరు చూడండి!

"కాలనీ క్లబ్బుల డిష్ పెట్టిన్రు," యోనా నసిగాడు. "మంగళవారం మంగళవారం నీ తమిళ సీరియల్ చూస్త."

"నీకు తమిళం వస్తదా?"

"ఒక్క ముక్క రాదు. కండ్లు మూసుకొని వింట. అందరు నవ్వుతరు. మొన్న నీకు జలుబు చేసింది గద?"

"ఆ రోజు జ్వరం. మేకప్ ఏసి నిలబెట్టిన్రు. యూనిట్ల ఎవ్వరికి తెల్వలే!"

"గొంతుకు మేకప్ ఎయ్యరు గద."

రిబ్కాకు ఏడుపొచ్చింది, నవ్వూ వచ్చింది. ఇన్నేళ్ళలో తన ముఖాన్ని మెచ్చుకున్నవాళ్ళు చాలామంది. తనను విన్నవాడు ఇతనొక్కడే. ఆ క్షణంలో అతనంటే ప్రాణం ఇచ్చేంత ఇష్టం కలిగింది.

"అయితే మానెయ్యమనవా?"

"మానేస్తే మంగళవారం నేనేం వినాలె?"

వాన తగ్గింది. డైరెక్టర్ కేకేశాడు. రిబ్కా సరాసరి అతని ముందుకు వెళ్ళి నిలబడింది.

"సార్, ఈ సీరియల్ల నా మాట నేనే చెప్త."

"నీ యాస సంగతి తెలుసుగా అమ్మాయ్? డబ్బింగ్‌కి మనిషిని కూడా మాట్లాడేశాం."

"ఇది ఈ అడివి పక్క ఊరి టీచరమ్మ కథ. ఆమె ఇంకెట్ల మాట్లాడ్తది సార్? కుదరకపోతే వేషం ఇంకొకరికి ఇయ్యుండ్రి."

యూనిట్ అంతా బిగుసుకుపోయింది. ప్రస్తుతం ఆమె చేతిలో ఉన్న ఒక్క తెలుగు అవకాశం అది. డైరెక్టర్ గడ్డం గోక్కున్నాడు.

"సరే, ఒక్క సీన్ చెప్పు. నచ్చకపోతే మళ్ళీ అడగొద్దు."

రిబ్కా చెప్పింది. కాలనీలో నీళ్ళ పంపు దగ్గర మాట్లాడినట్టే చెప్పింది. సీను అయ్యాక డైరెక్టర్ అసిస్టెంట్ వైపు తిరిగి, "డబ్బింగ్ ఆవిడకి వద్దని ఫోన్ చెయ్యి," అన్నాడు.

రిబ్కా తీగలు చుడుతున్న యోనా దగ్గరికి వచ్చింది.

"ఆదివారం చర్చి అయినంక ఇంటికి రా. మా నాయనను అడుగు."

యోనా నోరు తెరిచాడు. మాట రాలేదు.

"ఏంది? నీ మాట గూడ ఇంకొకరు చెప్పాల్నా?"

"వద్దు," అన్నాడు యోనా, ఈసారి ఆమె కళ్ళలోకి చూసి. "ఏండ్ల సంది లోపల్లోపల చెప్పుకుంటున్నదే. నేనే చెప్త."