ఎకరం తిన్న ఇల్లు

బ్యాంకుకు వెళ్లే మనిషి తమలపాకులు ఎందుకు అడుగుతున్నాడో సూర్యకాంతమ్మకు అర్థం కాలేదు.

"ఆకులు, వక్కలు, అరడజను చక్రకేళీలు. సంచిలో సర్ది ఇయ్యి కాంతం," అన్నాడు వెంకటరామరాజు. ఇస్త్రీ పంచె కట్టాడు. పెళ్లిళ్లకు తీసే జరీ కండువా భుజాన వేసుకుని, అద్దం ముందు మీసం సవరించుకుంటున్నాడు.

"ఎవరికండీ పెళ్లిచూపులు?"

"వెటకారాలొద్దు. ఇంటి అప్పు తీర్చేద్దామని వెళ్తున్నాం. బుల్లిరాజు కూడా వస్తున్నాడు."

అప్పుడు అర్థమైంది ఆవిడకి. భీమవరం చుట్టుపక్కల పల్లెల్లో ఎవరు ఎవరికి బాకీ తీర్చినా మధ్యవర్తిగా వెంకటరామరాజు కూర్చోవాల్సిందే. నోటు మీద చెల్లు రాసే రోజున అప్పిచ్చినవాడు వడ్డీలో కొంత వదిలేస్తాడు. అది అక్కడి మర్యాద. ఎంత వదలాలో తేల్చేది పెద్దమనిషి. ఇరవై ఏళ్లుగా పరాయివాళ్ల వడ్డీలు తెగ్గోయించిన మనిషి ఈ రోజు సొంత ఇంటి బాకీకి బయలుదేరాడు, బ్యాంకుకి, ఆకూ వక్కతో.

ఇల్లు కొడుకు శ్రీనివాసరాజుది. ఇరిగేషన్ ఆఫీసులో ఉద్యోగం. అయిదేళ్ల కిందట జీతం మీద ఆరు లక్షలు అప్పు తీసి, భీమవరం కొత్త కాలనీలో కట్టాడు. తల్లీ తండ్రీ, కొడుకూ కోడలూ అందరూ అందులోనే ఉంటున్నారు.

"డబ్బెక్కడిదండీ?" అంది సూర్యకాంతమ్మ.

ఆయన అద్దంలోంచి చూపు తిప్పలేదు. "నీ ఎకరానికి బేరం కుదిరింది. నాలుగు లక్షలు. బయానా పుచ్చుకున్నాను. ఎల్లుండి రిజిస్ట్రారాఫీసుకి వచ్చి ఓ సంతకం పెడితే చాలు."

పెనం మీద అట్టు మాడుతోంది. ఆవిడ అట్లకాడ పట్టుకుని అలాగే నిలబడిపోయింది. ఆ ఎకరం ఆవిడ తండ్రి పసుపుకుంకుమల కింద రాసి ఇచ్చింది. చేపల చెరువుకి లీజుకిస్తే ఏటా ఇరవై వేలు వస్తుంది. ఈ ఇంట్లో ఆవిడ ఎవర్నీ అడగకుండా ఖర్చు పెట్టుకోగలిగిన డబ్బు అదొక్కటే.

"నన్నడిగారా?"

"ఇప్పుడు చెప్తున్నాగా."

"చెప్తున్నారు. అడిగారా అంటున్నాను."

ఆయన జవాబు చెప్పేలోపు వీధిలో స్కూటరు ఆగింది. ఆయన చిన్నాన్న కొడుకు బుల్లిరాజు లోపలికి వస్తూనే, "ఏం వదినగారూ, ఈ పూట ఆ మేనేజరు చేత పాతిక వేలు వదిలించకపోతే ఈ మీసం మీ గుమ్మంలో తీయించుకుంటానండి," అన్నాడు. సూర్యకాంతమ్మ నవ్వలేదు. సంచి భర్త చేతికి ఇవ్వలేదు, అరుగు మీద పడేసింది. అరటిపండొకటి దొర్లి మెట్ల కింద పడింది. బుల్లిరాజు దాన్ని ఏరి, తుడిచి, సంచిలో పెట్టుకున్నాడు.

వాళ్లు వెళ్లాక ఆవిడ వంటింట్లోకి వచ్చి కోడల్ని అడిగింది. "ప్రణతీ, నీకు తెలుసా ఈ సంగతి?"

ప్రణతి బియ్యం ఏరుతూ తల దించుకుంది. "మొన్న ఆయన చెప్పారండి అత్తయ్యగారూ. మావయ్యగారు మీతో మాట్లాడతారన్నారు."

అంటే ఇంటిల్లిపాదికీ తెలుసు. ఎకరం ఎవరిదో ఆ మనిషికి తప్ప. ఆ పూట సూర్యకాంతమ్మ తోమిన గిన్నెలే మళ్లీ తోమింది. రోట్లో పచ్చడి నూరుతుంటే పక్కింటావిడ గోడ మీంచి తొంగిచూసి ఏమయిందని అడిగింది. "ఏమీ అవలేదమ్మా, గోంగూర," అంది ఆవిడ.

మధ్యాహ్నం ఎండలో స్కూటరు తిరిగొచ్చింది. వెంకటరామరాజు ఎవరి మొహమూ చూడకుండా లోపలి గదిలోకి వెళ్లిపోయాడు. బుల్లిరాజు మంచినీళ్లడిగాడు. సంచి బరువు తగ్గలేదు.

"ఎంత వదిలారు మరిదిగారూ?" అంది సూర్యకాంతమ్మ.

"వదినగారూ, మీకు పుణ్యముంటుంది, ఇప్పుడు వేళాకోళం వద్దండి." బుల్లిరాజు గ్లాసు దించాడు. "మేనేజరు కుర్రాడండి, మా అల్లుడి ఈడు. అన్నయ్య పళ్లు టేబులు మీద పెట్టి, 'బాబూ, అయిదేళ్లు ఒక్క వాయిదా తప్పలేదు. పదిహేనేళ్ల అప్పులో మూడోవంతు తీరిపోయింది. ఇంకో నాలుగు లక్షలుంటుంది. పెద్దమనుషులం వచ్చాం, మర్యాదగా ఎంత వదులుతారో చెప్పండి' అన్నాడండి. ఆ అబ్బాయికి ముందు అర్థం కాలేదు. అర్థమయ్యాక నవ్వు ఆపుకున్నాడు. నవ్వేసినా బాగుండేదండి."

"బాకీ ఎంతుందట?"

"అయిదు లక్షల ఇరవై ఎనిమిది వేలండి."

సూర్యకాంతమ్మ సరిగ్గా వినలేదేమో అనుకుంది. "ఆరు లక్షల్లో?"

"ఆయ్. అయిదేళ్లు కట్టింది మూడు లక్షల నలభై వేలు. అందులో అసలుకి చేరింది డెబ్బై రెండు వేలేనటండి. పైగా ఇప్పుడు మొత్తం ఒకేసారి కట్టేస్తే రెండు శాతం అపరాధ రుసుము. విన్నారా ఎక్కడైనా? అప్పు తీరుస్తానన్నవాడికి జుల్మానా!"

లోపల్నుంచి వెంకటరామరాజు కేక వినబడింది. "ఆ వెధవని ఆఫీసు నుంచి రమ్మని ఫోను చెయ్యండి!"

బుల్లిరాజు చల్లగా జారుకున్నాడు.

శ్రీనివాసరాజు భోజనాల వేళ దాటాక వచ్చాడు. గుమ్మంలో చెప్పులు విడుస్తుండగానే తండ్రి అందుకున్నాడు.

"ఏరా, అయిదేళ్ల నుంచి ఎవడికి కడుతున్నావ్ డబ్బు? గాడిదకి గడ్డి వేసినా కళ్లెదుట కనబడుతుంది. ఇద్దరు మనుషుల ముందు నా తల తీయించావ్ కదరా!"

"నాన్నగారూ, కూర్చుని మాట్లాడదాం."

"ఏం మాట్లాడతావ్! ఆఫీసర్లకి లెక్కలు రాస్తావు, నీ ఇంటి లెక్క నీకు తెలియదూ?"

శ్రీనివాసరాజు మొహం ఎర్రబడింది. "అప్పుడు వడ్డీ ఎనిమిది శాతం. మారే వడ్డీ అయితే ఇంకా తక్కువన్నారు, సంతకం పెట్టాను. అది ఎనిమిది నుంచి పన్నెండున్నరకి పోయింది. కానీ వాళ్లు వాయిదా పెంచలేదు. నెలకి అదే అయిదు వేల ఏడొందల చిల్లర. జీతంలోంచి అంతే పోతోంది కదా, అంతా బాగానే ఉందనుకున్నాను. వాయిదా పెంచకుండా ఏళ్లు పెంచుకుంటూ పోయారని నాకు మాత్రం ఏం తెలుసు?"

"తెలుసుకోవాలి! అడగాలి!"

"అడగనిచ్చారా మీరు?" కొడుకు గొంతు కూడా లేచింది. "రెండుసార్లు మీరు లీజుకి చేసిన చెరువులో చేపలు పట్టిన డబ్బు చేతికొచ్చినప్పుడు బ్యాంకులో వేసేద్దాం నాన్నగారూ అన్నాను. ఏమన్నారు? 'ముప్పావలా కూడా లేని వడ్డీరా, దానికి తొందరేంటి, బయట రెండు రూపాయలకి తిప్పుదాం' అన్నారు. తిప్పారు. మీరు అప్పిచ్చిన ఆ రొయ్యల ఆసామి మొత్తం మూటగట్టుకుని పోయాడు. ముప్పావలా లేని వడ్డీ ఇప్పుడు రూపాయి దాటింది. ఎవరు తీయించారండీ ఎవరి తల?"

"నోరుముయ్!"

"మీరే పిలిపించారు, ఇప్పుడు మూయమంటే ఎలా?"

వెంకటరామరాజు కుర్చీ తన్నాడు. ప్రణతి వంటింటి గుమ్మంలో భర్తకేసి చూస్తూ వద్దన్నట్టు చెయ్యూపింది. అంతలో సూర్యకాంతమ్మ వాళ్లిద్దరి మధ్యకి వచ్చింది.

"మీ తలల సంగతి తర్వాత. ఒక్కటి చెప్పండి నాకు. ఈ ఇంటి అప్పు పూర్తిగా తీరేసరికి మొత్తం ఎంత కడతాం?"

ఇద్దరూ ఆగిపోయారు. కొడుకు అటు చూశాడు, తండ్రి ఇటు చూశాడు.

"నెలకి..." అని మొదలుపెట్టాడు శ్రీనివాసరాజు.

"నెలకెంతో నాకూ తెలుసురా! అయిదేళ్లుగా ఈ ఇంట్లో వింటున్నదే అది. పాలవాడికి నెలకెంత, కేబులు వాడికి నెలకెంత, బ్యాంకుకి నెలకెంత. మొత్తం ఎంతని అడుగుతున్నాను."

ప్రణతి సెల్‌ఫోను తీసింది. భర్తని బాకీ అడిగింది, వాయిదా అడిగింది, ఇంకా ఎన్నేళ్లని అడిగింది. "ఇదే వడ్డీ అయితే ఇరవై ఆరేళ్లట," అన్నాడు వెంకటరామరాజు, ఎవరికో చెబుతున్నట్టు గోడకేసి చూస్తూ. "ఆ కుర్రాడు చెప్పాడు." ప్రణతి వేళ్లు కాసేపు మీటలు నొక్కాయి. తర్వాత ఆ అమ్మాయి ఫోనులోంచి తల ఎత్తలేదు.

"చెప్పవేం?"

"కట్టిందీ కట్టాల్సిందీ కలిపి ఇరవై ఒక్క లక్షలు దాటుతోందండి అత్తయ్యగారూ."

శ్రీనివాసరాజు నెమ్మదిగా కింద కూర్చున్నాడు. ముప్పై నాలుగేళ్లవాడు. ఉద్యోగం అయిపోయాక కూడా రెండేళ్లు వాయిదాలు కట్టాలి.

"ఒక ఇంట్లో ఉంటూ మూడిళ్ల డబ్బు కడుతున్నామన్నమాట," అంది సూర్యకాంతమ్మ. ఆవిడ గొంతు పెద్దది కాలేదు, అందుకే అందరికీ ఎక్కువగా తగిలింది. "ఒకడు అడగలేదు. ఒకడు అడగనివ్వలేదు. తీరా మునిగాక మీ ఇద్దరికీ గుర్తొచ్చింది మా నాన్న ఇచ్చిన ఎకరం. నేను సంతకం పెట్టను."

"బయానా తీసుకున్నాను కాంతం. మాట ఇచ్చాను."

"మీ మాట మీరిచ్చుకున్నారు. నా చెయ్యి నాది."

ఆ రాత్రి ఆ ఇంట్లో ఎవరి భోజనం వాళ్లు వడ్డించుకున్నారు.

మర్నాడు పొద్దున ఎవరికీ చెప్పకుండా సూర్యకాంతమ్మ బస్సెక్కి పుట్టింటి ఊరు వెళ్లింది. అన్నగారింటికి వెళ్లలేదు. చెరువు గట్టు మీద చాలాసేపు కూర్చుంది. లీజుకి తీసుకున్న కుర్రాడు పడవలో తిరుగుతూ మేత సంచులు నీళ్లలోకి వేలాడదీస్తున్నాడు. సంచులకు పెట్టిన కన్నాల్లోంచి తవుడు తింటూ చేపలు గుంపులుగా నీళ్లని కుతకుతలాడిస్తున్నాయి. ఆవిడ అలా చూస్తూ ఉంది. ఎంత వేసినా చాలనట్టే ఉన్నాయవి.

మధ్యాహ్నానికి ఇల్లు చేరి, ప్రణతిని పెరట్లోకి పిలిచింది. "ఈ బాకీ మీద ఏడాదికి వడ్డీ ఒక్కటే ఎంతవుతుందమ్మా?"

"అరవై ఆరు వేలండి."

"నా ఎకరం ఇరవై వేలు తెస్తుంది," అంది సూర్యకాంతమ్మ. తీగ మీద బట్టలు తీసి మడతపెట్టడం మొదలుపెట్టింది. మడత సరిగ్గా కుదరక ఒక్క చీరనే మూడుసార్లు విప్పింది. ప్రణతి రెండో కొస పట్టుకోబోతే, "వద్దు, నేను మడుస్తాను," అంది కటువుగా. కాసేపటికి తనే ఆ కొస కోడలి చేతికిచ్చింది.

సాయంత్రం వెంకటరామరాజు పెరట్లోకి వచ్చాడు. కండువా లేదు, మీసం దువ్వలేదు. బట్టలుతికే రాయి మీద కూర్చున్నాడు.

"బయానా వెనక్కిచ్చేస్తాను. మాట తప్పినందుకు రెట్టింపు అడుగుతారు, ఇస్తాను. నీ ఎకరం జోలికి రాను."

సూర్యకాంతమ్మకు మళ్లీ ఒళ్లు మండింది. "చూశారా! ఇప్పుడు కూడా అడగలేదు. మళ్లీ చెప్తున్నారు. అమ్మేటప్పుడూ చెప్పడమే, మానేటప్పుడూ చెప్పడమే. ముప్పై ఎనిమిదేళ్లలో ఒక్కసారి, ఒక్కసారంటే ఒక్కసారి, ఏం చేద్దాం కాంతం అని అడిగారా మీరు?"

ఊళ్లో ఎందరి తగువులో తీర్చిన మనిషికి ఆ మాట నోటికి రావడం కష్టమైంది.

"ఏం చేద్దాం, కాంతం?"

ఆవిడ కళ్లు తుడుచుకోలేదు, ముక్కు తుడుచుకుంది.

"అమ్మేద్దాం," అంది. "నా ఎకరం ఏడాదంతా తెచ్చింది ఆ ఇల్లు నాలుగు నెలల్లో తినేస్తోంది. ఇంకో పదేళ్లు దాచుకుని దేన్ని చూసుకోను? నాలుగు లక్షలూ ఒకేసారి అసలు కింద కట్టేద్దాం. కొంత కడితే జుల్మానా లేదేమో అడగండి. మిగిలింది వాడు కట్టుకుంటాడు. కానీ అప్పు తీరిన రోజున ఈ ఇంట్లో సగం నా పేర రాయాలి. వాడి చేత ఇప్పుడే ఒప్పించండి. మీ మధ్యవర్తిత్వం నా తరఫున ఒక్కసారి చెయ్యండి."

గుమ్మంలో వింటున్న శ్రీనివాసరాజు వచ్చి తల్లి కాళ్ల దగ్గర కూర్చున్నాడు. "సగం కాదమ్మా, మొత్తం రాస్తాను," అన్నాడు.

"సగం అన్నాను, సగమే. ఎక్కువ మాట్లాడితే మళ్లీ ఏదో సంతకం పెట్టేస్తావు," అంది ఆవిడ.

అనుకున్న రోజున రిజిస్ట్రారాఫీసులో సూర్యకాంతమ్మ కుదురుగానే సంతకం చేసింది. కొన్నవాళ్లు కాఫీ తెప్పించారు, తాగింది. వారం తిరిగాక ముగ్గురూ బ్యాంకుకి వెళ్లారు. కొంత కట్టడానికి అపరాధం లేదన్నాడు మేనేజరు. నాలుగు లక్షలు జమ చేసుకుని, కాగితం శ్రీనివాసరాజు ముందుకి తోశాడు.

"ఇప్పుడు రెండు దారులున్నాయి సార్. ఏళ్లు అలాగే ఉంచితే నెల వాయిదా బాగా తగ్గిపోతుంది, పద్నాలుగు వందలు కూడా ఉండదు. లేదా వాయిదా అలాగే ఉంచితే రెండేళ్ల చిల్లరలో అప్పే తీరిపోతుంది. చాలామంది వాయిదా తగ్గించుకుంటారు. మీకు ఏది తగ్గించమంటారు?"

శ్రీనివాసరాజు కలం తీయలేదు. తండ్రి వైపు తిరిగాడు. వెంకటరామరాజు భార్య వైపు తిరిగాడు. ఇద్దరూ ఆవిడ ఏమంటుందా అని చూస్తున్నారు.

"ఏళ్లు తగ్గించండి బాబూ," అంది సూర్యకాంతమ్మ.

ఆ మాట అన్నాక, ఎకరం పోయిన రోజున కూడా రాని ఏడుపు, అంతమంది మధ్య, ఆ కుర్చీలో కూర్చునే వచ్చింది ఆవిడకి. ఆపుకోవాలని కూడా చూడలేదు. వెంకటరామరాజు కండువా కోసం భుజం తడుముకున్నాడు. వేసుకురాలేదు. అరచేత్తోనే ఆవిడ చెంపలు తుడిచాడు.