పెద్ద నర్సమ్మ ఇచ్చిన చెక్క గొట్టం

డాక్టర్ల మెడలో దర్జాగా వేలాడే స్టెతస్కోపు మొహమాటంలోంచి పుట్టిందంటే నవ్వుతారు. పరాయి ఆడమనిషి గుండెకు చెవి ఆనించడానికి సిగ్గుపడ్డ ఓ డాక్టరు, కాగితాలు గొట్టంలా చుట్టి విన్నాడట. తరవాత అది చెక్కదైంది. కడుపులో బిడ్డ గుండె వినడానికి మా పురుళ్ల నర్సుల్లో కొందరు ఇప్పటికీ అలాంటిదే వాడతారు. నాది మా పెద్ద నర్సమ్మ ఉద్యోగం మానేస్తూ ఇచ్చింది. జానెడు పొడుగు, ఒక చివర గరాటులా ఉంటుంది.

ఆ సాయంత్రం ఒకటే వాన. కరెంటు లేదు, బిడ్డ గుండె వినిపించే మిషను పనిచెయ్యదు. గదంతా ఫినాయిలు వాసన, తడిగోడల వాసన. ఎనిమిదో నెల కడుపుతో మా చెల్లి తడుస్తూ వచ్చింది. అంతకుముందే దానికి రెండు కాన్పులు పోయాయి.

"పొద్దుట్నుంచి కదల్లేదక్కా," అంది గుసగుసగా.

"నీలాగే మొద్దునిద్ర అయ్యుంటుంది లేవే," అన్నాను, దాన్ని మంచమ్మీద పడుకోబెడుతూ.

గొట్టం పొట్టమీద పెట్టి చెవి ఆనించాను. ఏమీ లేదు. జరిపాను. లేదు... ఇంకాస్త కిందికి...

టక్ టక్ టక్ టక్.

ఒక్కోసారి తల్లి గుండెనే బిడ్డదనుకుని మోసపోతాం. అందుకే చెల్లి నాడి కూడా పట్టుకుని చూశాను. దానిది నిమిషానికి ఎనభై. గొట్టంలో నూట నలభై. నాకు ప్రాణం లేచొచ్చింది.

"బంగారంలా ఉన్నాడు. ఇంటికి పో."

అది కళ్లు తుడుచుకుంటూ వెళ్లింది. నేను గొట్టాన్ని బల్లమీద నిలబెట్టి, అగ్గిపెట్టె కోసం వంగాను.

టక్ టక్ టక్...

చెవి ఆనించాను. కింద ఉన్నది ఉత్త బల్ల. అయినా నూట నలభై.

చెప్పులైనా వేసుకోకుండా వానలో చెల్లి వెనక పరిగెత్తాను. పెద్దాసుపత్రికి తీసుకెళ్తే, డాక్టరు చూసి తల అడ్డంగా ఊపాడు. బిడ్డ పొద్దున్నే పోయి ఉంటుందన్నాడు. చెల్లి ఏడవలేదు. నావైపే చూసింది. ఆ చూపు పడేకంటే నేను చచ్చిపోయినా బాగుండేది.

మూడేళ్లయింది. గొట్టంలో చప్పుడు ఆగలేదు. పారేద్దామంటే చెల్లి నా కాళ్లు పట్టుకుంది. రోజూ సాయంత్రం వచ్చి, కాసేపు విని పోతుంది. నేను మాత్రం లెక్కపెడుతూ వచ్చాను. ఏడాది తిరిగేసరికి నూట ఇరవై అయింది. ఈమధ్య వంద. పెరిగే పిల్లల గుండె అలాగే నెమ్మదిస్తుంది.

ఇవాళ చెల్లి విని, చటుక్కున లేచింది.

"ఏంటక్కా ఇలా కొట్టుకుంటోంది?"

లెక్కపెట్టాను. నూట అరవై... నూట డెబ్భై...

"ఏదో ఒకటి చెయ్యక్కా. ఈసారైనా..."

ఏం చెయ్యను? ఎవరికి మందివ్వను? గొట్టాన్ని చేతిలోకి తీసుకున్నాను.

చెక్క... కాలిపోతోంది.