మధ్య తలుపు అప్పీలు

"ఎవరో నా కొంప ముంచారు మేడమ్!" అంటూ వడ్రంగి లోపలికొచ్చి, కూర్చోమనకముందే కూర్చున్నాడు.

డిటెక్టివ్ గారు కళ్ళజోడు తుడుచుకుంది. ఆవిడ కళ్ళజోడు తుడిస్తే కేసు సగం తేలినట్టేనని అసిస్టెంటు నమ్మకం. అతని నమ్మకాలకేం, బోలెడు!

సంగతిదీ. వడ్రంగికీ, టైలరైన అతని తమ్ముడికీ పక్కపక్కనే ఇళ్ళు, మధ్య ఒకే తలుపు. తమ్ముడి మీద పంతంతో ఆ తలుపు పీకేసి గోడ కడతానన్నాడు అన్న. వీల్లేదంది కోర్టు. అప్పీలుకెళ్ళాడు. నిన్న విచారణ. వకీలు ఇంకో కోర్టులో ఉంటాడు, పిలుపు రాగానే పరిగెత్తి ఆయనకి చెప్పాల్సింది ఇతనే. ఇతను చేరేసరికి, అప్పీలు వేసినవాడే లేడని కొట్టేశారు.

"బండి టైర్లలో గాలి లేదండీ. తోసుకుంటూ పంక్చర్ షాపుకి పోయా. అక్కడ మా తమ్ముడు! వాడి బండికీ గాలి లేదట. నాటకం!"

"ఆటో ఎక్కొచ్చుగా?"

"వాడక్కడే కూర్చున్నాడు కదా. వాడు లేకుండా కేసెలా నడుస్తుందనుకున్నా."

అసిస్టెంటు నవ్వాపుకోలేక దగ్గాడు.

"సరైన కారణం చూపిస్తే అప్పీలు మళ్ళీ తీసుకుంటారట మేడమ్. అందుకే ఆ దొంగని పట్టివ్వండి."

సాయంత్రం డిటెక్టివ్ గారూ అసిస్టెంటూ ఆ ఇళ్ళకెళ్ళారు. బండ్లు వరండాల్లోనే ఉంటాయి. మొన్న రాత్రి వేసిన వీధి గడియలు నిన్న పొద్దున్న వేసినట్టే ఉన్నాయట. గాలి తీసిన మనిషి టైరు మూతలు మాత్రం మళ్ళీ బిగించి పెట్టాడు.

"నిన్న తెల్లారుజామున ఏదైనా చప్పుడు విన్నారా?"

అన్నదమ్ములిద్దరూ లేదన్నారు. అంతలో మధ్య తలుపు నేలకి రాసుకుంటూ కీచుమంది. అసిస్టెంటు ఉలిక్కిపడ్డాడు. మిగతావాళ్ళు తల కూడా తిప్పలేదు. తమ్ముడింట్లో పడుకుని అన్న ఇంట్లో తినే వాళ్ళమ్మ, తలుపు లాగి, కింద పెట్టిన టీ పళ్ళెం అందుకుని వచ్చింది.

డిటెక్టివ్ గారు అందర్నీ కూర్చోబెట్టింది.

"బయటివాళ్ళు రాలేదు, గడియలు తీయలేదు. తమ్ముడే చేసుంటే దర్జాగా కోర్టులో కూర్చునేవాడు, పంక్చర్ షాపులో ఈగలు తోలుకునేవాడు కాదు. రెండు వరండాల్లోకీ లోపల్నుంచే వెళ్ళాలంటే దారి ఈ తలుపొక్కటే. దీని చప్పుడు మీరు రోజూ వింటారు, అందుకే వినపడదు. ఇక మూతలంటారా, బండ్లు పాడవకూడదనుకున్న మనిషే బిగిస్తుంది. అంతేనా పెద్దమ్మా?"

అసిస్టెంటు నోరు తెరిచాడు, మూయడం మరిచిపోయాడు.

"నేనే తీశాను," అంది తల్లి. "మీరిద్దరూ కోర్టులో ఎదురెదురుగా నిలబడటం నేను చూడలేనురా. ఆ గోడ లేస్తే, నా కొడుకింటికి నేను వీధి మెట్లెక్కొచ్చి, పరాయిదానిలా తలుపు కొట్టాలా?"

"కారణం దొరికిందిగా," అంది డిటెక్టివ్ వడ్రంగితో. "మా అమ్మే గాలి తీసిందని ప్రమాణం చేసి రాసివ్వండి. అప్పీలు బతుకుతుంది."

వడ్రంగి లేచెళ్ళి మధ్య తలుపు లాగి చూశాడు. కదలడానికి రెండు చేతులూ కావలసొచ్చాయి.

"ఇంత బిగుసుకుపోయిందేమిటే అమ్మా? రోజూ ఎలా లాగుతున్నావు?"

"ఎలాగోలా లాగుతున్నాలే."

అతను లోపలికెళ్ళి చిత్రిక తెచ్చాడు. తమ్ముడి మొహం చూడకుండానే అన్నాడు:

"ఒరేయ్, ఆ చివర పట్టుకో. ఊడదీసి కింది అంచు చెక్కి, మళ్ళీ బిగిద్దాం."