గార్బర్ తాతగారి విగ్గు

ఫ్రీటౌన్‌లో సెప్టెంబరు వానకి ఎవరూ పనులు మానుకోరు, గొడుగులు పట్టుకుంటారు. ఇసాతా గొడుగు కూడా లేకుండా పరుగెత్తుకొచ్చింది. డిటెక్టివ్ ఒలివెట్ డెక్కర్ గదిలో అడుగుపెట్టగానే భోరుమంది.

"మా ఆయన్ని దొంగన్నారమ్మా! సాయంత్రానికి జైల్లో పడేస్తారట!"

ఆమె భర్త సంతిగీ ప్రభుత్వ న్యాయవాదుల కార్యాలయంలో ఇరవై రెండేళ్ళుగా లాయర్లు కోర్టులో వేసుకునే నల్లకోట్లు, గుర్రపు వెంట్రుకల విగ్గులు భద్రపరిచే మనిషి. ఆ ఉదయం థియోఫిలస్ గార్బర్ అనే పెద్ద లాయరు విగ్గు బీరువాలోంచి మాయమైంది. ఆ బీరువాకి తాళంచెవులు రెండు. ఒకటి గార్బర్ దగ్గర, రెండోది సంతిగీ దగ్గర ఉంటాయి. పెద్దమనిషిని అనుమానించడం పోలీసులకి చేతకాదు కాబట్టి సంతిగీని పట్టుకున్నారు. పైగా గార్బర్ తెల్లని మెడపట్టీ మీద, బజార్లో జనం నమిలే కోలా గింజల గోధుమరంగు మరక కనిపించింది. ఇసాతా ఆ గింజలు దంచి బట్టలకు రంగువేసి అమ్ముతుంది. ఇంకేం, ఆ రంగు మొగుడి చేతులదేనని తేల్చేశారు.

"నా రంగు దిగదమ్మా," అంది ఇసాతా కళ్ళు తుడుచుకుంటూ. "మూడ్రోజులు ముంచి ఆరేసి, మళ్ళీ ముంచి ఆరేస్తాను. గ్రానీ అయోడెలే అనే ముసలావిడ దగ్గర మా అమ్మ నేర్చుకుని నాకు నేర్పిన పని. వానలో దిగే రంగు వేస్తే బజార్లో నన్ను చీపురుతో కొడతారు."

ఒలివెట్ గొడుగు తీసుకుంది. సహాయకుడు సోరీ నోటుపుస్తకం తీసుకున్నాడు. ఆవిడ ఏ ప్రశ్న ఎందుకు అడుగుతుందో అతనికి చివరిదాకా తెలిసేది కాదు. అయినా ప్రతి మాటా భక్తిగా రాసుకునేవాడు.

గార్బర్ వచ్చే సోమవారం అటార్నీ జనరల్ కాబోతున్నాడు. ఆ సంబరానికి తన జీవితచరిత్ర తనే రాసుకుని అచ్చువేయించాడు. కార్యాలయం నడవాలో వాటి కట్టలు పేర్చి ఉన్నాయి. ఒలివెట్ ఒకటి తీసి చదివింది. మొదటి పేజీలోనే తాతగారు లండన్ బారిస్టరు. ఆయన విగ్గే ఇప్పుడు మనవడి నెత్తిన ఉందట. నలభై పేజీల్లోనూ 'నేను' లేని వాక్యం లేదు, ఒక్క ఆడమనిషి పేరూ లేదు.

ఇంతలో గార్బర్ ఆవరణ దాటి, తడిసి ముద్దై వచ్చాడు. చుట్టి బొత్తాం పెట్టిన లావుపాటి గొడుగు చంకలో ఉంది.

"కోలా తీసుకోండి లాయరుగారూ." ఒలివెట్ మర్యాదగా సంచిలోంచి ఓ గింజ తీసింది.

"ఛీ! ఆ బజారు తిండి మా వంశంలో ఎవరూ ముట్టుకోలేదు."

"నిన్న విగ్గు పెట్టుకున్నారా?"

"పెట్టుకోకుండా ఎలా? కోర్టు సంవత్సరం మొదలయ్యే ఊరేగింపు కదా. చర్చి నుంచి కోర్టుదాకా నడిచాం."

"వానలోనా?"

"అయితే ఏంటంట?"

"మెడపట్టీ ఉతకమని ఎవరికిచ్చారు?"

"ఈ వెధవకే!"

నడవా మూల పోలీసు కాపలాలో నిలబడ్డ సంతిగీ తల దించుకునే అన్నాడు. "ఇచ్చేటప్పటికే మరకుంది సార్. రంగు దిగినట్టుందని చెప్పాను కూడా..."

"నోర్ముయ్!"

నాలుగింటికి ఒలివెట్ అందర్నీ విగ్గుల బీరువా దగ్గరకి పిలిచింది. ఇన్‌స్పెక్టరు, గుమస్తాలు, ఇసాతా, సంకెళ్ళతో సంతిగీ నిలబడ్డారు. గార్బర్ మాత్రం కూర్చున్నాడు. గొడుగు ఒళ్ళో ఉంది.

"ఇన్‌స్పెక్టరుగారూ, చేతి మరకైతే వేళ్ళ అచ్చులుండాలి," అంటూ మెడపట్టీ పైకెత్తింది ఒలివెట్. "ఇవి మెడ వెనకనుంచి కిందకి దిగిన చారలు. పైన ఉన్నది విగ్గొక్కటే. నిజంగా పాతబడి పచ్చబారిన గుర్రపు వెంట్రుకలు వానకి రంగు కక్కవు. ఇది కొత్త విగ్గు. తాతగారిదని చెప్పుకోడానికి కోలా రసంలో ముంచారు. రంగు దిగడం సంతిగీ కళ్ళబడింది. అందుకే విగ్గూ పోవాలి, చూసినవాడూ జైలుకి పోవాలి."

"అబద్ధం!" గార్బర్ లేచాడు. "నాకు కోలా రంగు సంగతేం తెలుసు?"

"మీ పుస్తకంలో పేరు దాచిన ఆడమనిషి ఎవరో చూద్దాం. ఇసాతా, గ్రానీ అయోడెలే ఇంటిపేరేంటి?"

ఇసాతా గార్బర్ వైపు చూసింది. "గార్బరేనమ్మా. ఈయన నాన్నమ్మ. రంగుబట్టలు అమ్మిన డబ్బుతోనే ఈయన్ని లండన్ పంపింది. ఈయన ఆ రంగు కుండల పక్కనే పెరిగాడు."

గుమస్తాల్లో ఎవరో కిసుక్కుమన్నారు.

"చూస్తూ పెరిగారుగానీ చెయ్యి పెట్టలేదు. అందుకే ఒక్కసారి ముంచి సరిపోయిందనుకున్నారు," అంది ఒలివెట్. "పొద్దుట్నుంచీ గేటు దగ్గర అందరి సంచులూ వెతుకుతున్నారు. అంత వానలో ఆవరణ దాటి, గొడుగుండీ తడిసిన మనిషి ఈయనొక్కడే. ఆ గొడుగు విప్పండి."

గార్బర్ విప్పలేదు. ఇన్‌స్పెక్టరు లాక్కుని విప్పాడు. సగం తెలుపు, సగం గోధుమరంగుతో విగ్గు నేలమీద పడింది. ఈ ముఖానికి దేశపు న్యాయమంతా అప్పగించబోయారని సోరీకి ఒళ్ళు మండింది. ఆ మాట కూడా నోటుపుస్తకంలో రాసుకున్నాడు.

ఇన్‌స్పెక్టరు సంతిగీ సంకెళ్ళు తీశాడు. చేతులు ఖాళీ అవగానే సంతిగీ, ఇరవై రెండేళ్ళ అలవాటుకొద్దీ, కిందపడ్డ విగ్గు తీయడానికి వంగాడు.

ఇసాతా అతని చెయ్యి పట్టి ఆపింది.

"వదిలెయ్యి. చేతికి రంగంటుతుంది."