జానీబీ మిణుకు గింజలు

గుంటూరు మిర్చి యార్డులో, టిక్కీ బస్తాల మధ్య గూఢచారి ఏజెంట్ క్రీస్తుదాసు శవం దొరికింది. ఘాటుకి యార్డంతా దగ్గుతూనే ఉంటుంది కాబట్టి సైలెన్సర్ పిస్టల్ చప్పుడు ఎవరూ పట్టించుకోలేదు.

మర్నాడు మంగళగిరిలో ఒక చీరల షాపు మేడ మీద బ్రీఫింగ్. చీఫ్ బుల్లయ్య గారు లైట్లు ఆర్పించి, చేతిలోని మట్టి ముంత మూత తీశారు. గోడలు లేత పచ్చగా వెలిగాయి. ముంతలో ఉన్నది మిణుకాకు అనే మొక్క రసంలో పిడుగురాళ్ల సున్నం కలిపి చేసిన రంగు. ఒకసారి పూస్తే ఏడాదిపాటు వెలుగుతుంది. ఆ వెలుగును డ్రోన్ మైళ్ల దూరం నుంచి గుర్తుపడుతుంది. ఏ ఇంటి కప్పు మీద పూస్తే ఆ కప్పే టార్గెట్.

ఆ మొక్కను ప్రపంచంలో పెంచేది ఒక్క మనిషి, పిడుగురాళ్ల పక్కన ఉండే జానీబీ. పోయినేడు వానలు లేక పంట ఎండిపోగా ఆమె దగ్గర మిగిలింది గుప్పెడు గింజలు. వాటికోసం మార్క్ అనే విదేశీయుడు మార్టూరులో గ్రానైట్ కొనుగోలుదారుడి వేషంలో దిగాడు. ఆ సంగతి కనిపెట్టిన క్రీస్తుదాసును చంపించింది అతనే.

బ్రీఫింగ్‌లో ఉన్న ఏజెంట్లు ఇద్దరు, అనీస్, శ్రీరమ్య. శ్రీరమ్య డబుల్ ఏజెంట్. చీఫ్‌కి తెలిసినంతవరకు ఆమె మన మనిషి. మార్క్‌కి తెలిసినంతవరకు అతని మనిషి. అనీస్‌కి తెలిసింది ఒక్కటే, ఆమె నవ్వితే బాగుంటుందని.

అనీస్ పురుగుమందుల ఏజెంటు వేషంలో జానీబీ ఇంటికి చేరాడు. గింజల్ని స్టీలు పెట్టెలో పెట్టి, ఆమె వేలిముద్రకి తప్ప తెరుచుకోని తాళం బిగించాడు. చూరులో కెమెరా పెట్టాడు. జానీబీ అతనికి టీ ఇచ్చి తన సంగతి చెప్పింది. భర్త బుడే సున్నపు బట్టీలో పనిచేసి చూపు పోగొట్టుకున్నాడు. ఆఖరి రోజుల్లో ఆయన కళ్లకు ఆనింది ఈ రంగు వెలుగొక్కటే. అందుకే ఏటా ఆయన సమాధికి ఇదే పూస్తుంది. అంతకుమించి ఆ రంగుతో ఆమెకు పనేమీ లేదు.

మూడోరోజు పొద్దున అనీస్ వచ్చేసరికి పెట్టె ఖాళీ. తాళం చెక్కుచెదరలేదు.

"నేనే తీసిచ్చాను బాబూ," అంది జానీబీ. "ఎవరో పిల్ల వచ్చి కొంగు పట్టి అడిగింది. కొంగు పట్టి విత్తనం అడిగితే లేదనడం మా ఇంటావంటా లేదు."

అనీస్ కెమెరా చూశాడు. ఎప్పుడూ జీన్సులో తిరిగే శ్రీరమ్య నేత చీర కట్టుకుని, తల వంచి, కొంగు చాచి నిలబడి ఉంది. నమ్మినవాళ్లే గొంతు కోస్తారని ట్రైనింగ్‌లో వందసార్లు చెప్పారు, ఏం లాభం?

మార్టూరులో మార్క్ వాడే గ్రానైట్ పాలిషింగ్ యూనిట్‌లో, తెల్లటి రాతిపొడి మధ్య, శ్రీరమ్యనూ మార్క్‌నూ అనీస్ చాటు నుంచి కనిపెట్టాడు. శ్రీరమ్య ఇచ్చిన ప్యాకెట్‌ను మార్క్ స్కానర్ కింద పెట్టాడు. పచ్చలైటు వెలిగింది, గింజలు అసలువే. మార్క్ కారెక్కబోతుండగా అనీస్ పిస్టల్ పేల్చాడు. శ్రీరమ్య అడ్డం వచ్చింది.

కారు వెళ్లిపోయింది. అనీస్ చెక్‌పోస్టుకి ఫోన్ కలపబోయాడు. కిందపడి ఉన్న శ్రీరమ్య అతని మణికట్టు పట్టుకుంది.

"వెళ్లనివ్వు. అన్నీ మూకుట్లో వేయించేశాను. ఒక్కటి కూడా మొలవదు."

"నాతో ఒక్క మాట చెప్పొచ్చుగా?"

"చెబితే నీ మొహంలో తెలిసిపోయేది. గింజే లేకపోతే ఆవిడ జోలికి ఎవరొస్తారు? బతకనీ."

ఫోన్ మీది వేలు ఆగిపోయింది. అంబులెన్స్ వచ్చేలోపు ఆమె పోయింది. అనీస్ ఆ రాతిపొడిలోనే కూర్చుని ఏడ్చాడు. గూఢచారులు ఏడవకూడదని రూలు ఉందో లేదో అతనికి గుర్తులేదు.

జానీబీకి అంతా చెప్పాడు, ఎవరి తూటాయో కూడా. మిణుకాకు మొక్క ఇక లేదనీ చెప్పాడు. ఆమె, ఆ పిల్లకు అమ్మానాన్నా ఉన్నారా అని మాత్రం అడిగింది. లేరన్నాడు.

"కొంగు పట్టినప్పుడు దాని మొహం పీక్కుపోయి ఉంది. విత్తనం పోస్తున్నానన్న సంబరంలో అన్నం తిన్నావా అని కూడా అడగలేదు," అంది. ఆ ఏడాది సమాధికి ఆమె మామూలు సున్నమే వేసింది.

డిపార్ట్‌మెంట్ ఫైలు మీద 'విజయం' అని రాసి మూసేసింది. మార్క్ వాళ్ల దేశంలో ఒక అద్దాల షెడ్డులో పెద్ద పెద్ద శాస్త్రవేత్తలు ఆ గింజలకు ఇంకా నీళ్లు పోస్తున్నారట, తడి ఎక్కువైందా తక్కువైందా అని కొట్టుకుంటున్నారట. ఒక్క గింజ కొరికి చూస్తే వేయించినవని తెలిసిపోయేది. మా వైపు ఏ రైతయినా చేసే పనే అది. కానీ ట్రిగ్గర్ నొక్కేముందు ఒక్క క్షణం ఆగడం మన అనీస్‌కే చేతకాలేదు, పరాయివాళ్లను అని ఏం లాభం?