తుడిచేసిన ఊపిరి

పొద్దున్నే ఫ్రిజ్ రొద ఆగిందంటే ఆ ఇంట్లో కూతురు రికార్డింగ్ మొదలుపెట్టిందని అర్థం. చిన్న సినిమాలకీ డాక్యుమెంటరీలకీ సంగీతం కట్టే ఆమెకు మధ్య గదే స్టూడియో.

"పాలు విరిగితే నీ పాటలో కలుపుకుని తాగు," వంటింట్లోంచి తల్లి విసుక్కుంది.

"అయిపోయిందమ్మా, స్విచ్ వేసుకో. నాన్నా, ఒకసారి రా. నీ వేణువు ముక్క విను. సాయంత్రానికి పంపెయ్యాలి."

రాతి క్వారీలో దుమ్ము పీల్చి ఊపిరితిత్తులు పాడైన కూలీల మీద తీసిన డాక్యుమెంటరీ అది. దానికి తండ్రి వేణువు వాయించాడు. ఆ తర్వాతే ఆయన ఆయాసం ముదిరింది. ఇక వేణువు ముట్టొద్దన్నాడు డాక్టరు.

ఆయన హెడ్‌ఫోన్స్ పెట్టుకుని కళ్లు మూసుకున్నాడు. కాసేపటికి తీసి బల్ల మీద పెట్టాడు.

"ఎవరిదిది?"

"నీదే నాన్నా!"

"నేను మధ్యలో ఊపిరి తీసుకోనా? మనిషినా, మిషన్‌నా?"

ఆమె తడబడింది. "పిల్లికూతలా వినిపిస్తోందని తీసేశాను. విన్నవాళ్లు నీ మీద జాలిపడతారని..."

"అసలుది పెట్టు."

"అది ఇక లేదు నాన్నా. దాని మీదే సేవ్ చేసేశాను."

"ఊపిరాడని మనుషుల సినిమాకి, నా ఊపిరి తుడిచేశావా అమ్మడూ?"

ఆయన గొంతు పెంచలేదు. అందుకే ఆమెకు ఇంకా భయం వేసింది. ఆయన లేచి అలమరలోంచి వేణువు తీశాడు.

తల్లి గరిటెతోనే పరుగెత్తుకొచ్చింది. "ముట్టారంటే ఊరుకోను! డాక్టరు చెప్పింది చెవికెక్కలేదా? ఏమే, నీ సినిమా కోసం ఆయన ప్రాణం తీస్తావా?"

"వద్దు నాన్నా. ఆ చోట సంగీతమే లేకుండా పంపిస్తాను," కూతురు అడ్డం నిలబడింది.

"నీ సినిమా కోసం కాదే. నా ఆఖరి పాటలో నేనుండాలి. కొంచెమే వాయిస్తా."

తల్లి ఆయన మొహంలోకి చాలాసేపు చూసింది. వంటింట్లోకి వెళ్లి ఫ్రిజ్ స్విచ్ తనే ఆపింది.

"కానివ్వండి. పాలు విరిగితే విరగనీ."

ముందు ఆయాసం వినిపించింది, తర్వాత స్వరం. మళ్లీ ఆయాసం. పాట సగంలో తెగింది, దగ్గు తెర వచ్చింది. అలవాటుగా కూతురి చెయ్యి ఆపే మీట మీదికి వెళ్లింది. వెనక్కి తీసుకుని, ఏడుపు వినపడకుండా నోరు మూసుకుంది.

సాయంత్రం ఆ ముక్క అలాగే పంపింది. చివర్లో, గుమ్మం దగ్గర అమ్మ ముక్కు చీదిన చప్పుడు కూడా ఉంది. దాన్ని కూడా తుడవలేదు.