గది నిశ్శబ్దం

చీఫ్ బల్లమీద పెట్టిన ఫోటోలో ఉన్నది ఏజెంట్ నంబర్ తొమ్మిది భార్య.

“ఒకప్పుడు రిపోర్టర్. క్వారీ కార్మికుల చావుల వార్తను ఎడిటర్ తొక్కిపెట్టాడని ఉద్యోగం మానేసి డాక్యుమెంటరీలు తీస్తోంది,” అన్నాడు చీఫ్.

“తెలుసు సార్. నా భార్యే.”

“ఆ క్వారీ విదేశీ ముఠాది. రాతిపొడి పీల్చి ముగ్గురు కొడుకులు పోయిన ఒక ముసలావిడ ఇవాళ కెమెరా ముందు పేర్లు చెప్పబోతోంది. ఆమె నోరు తెరవకముందే గదిలో అందర్నీ లేపేయాలని ప్లాన్. షూటింగ్ యూనిట్‌లోనే వాళ్ళ మనిషి ఒకరున్నారు. నువ్వు ఎలక్ట్రీషియన్‌గా వెళ్ళు. ముసలావిడ మాటల్ని ఇంగ్లీషులోకి మార్చి చెప్పే దుభాషి మన ఏజెంటే.”

పదేళ్ళుగా భార్య దృష్టిలో అతనొక ఇన్సూరెన్స్ గుమాస్తా. మీసం అంటించుకుని, పిస్టల్ దాగిన స్క్రూడ్రైవర్ జేబులో పెట్టుకుని బయల్దేరాడు.

షూటింగ్ గదిలో దుభాషి ఎదురైంది. పట్టు స్కార్ఫ్, ఖరీదైన సెంటు, చూపు తిప్పుకోలేని అందం.

“బల్బు మాడిందా?” అని అడిగింది.

“ఫ్యూజే పోయింది.”

కోడ్ సరిపోయింది. “నా అనుమానం సౌండ్ రికార్డిస్టు మీద,” అని గొణిగింది.

ఏజెంటుకు కావలసిందీ అదే. ఆ సౌండువాడు ఆరడుగుల అందగాడు. వాడేదో అంటే భార్య పగలబడి నవ్వుతోంది. తన జోకులకు ఒక్కనాడైనా అలా నవ్విందా? ఏజెంటు ఒళ్ళు మండిపోయింది. పళ్ళు పటపట కొరికాడు.

“ఈ బ్యాటరీ పెట్టె పెద్దావిడ కుర్చీ పక్కన పెట్టండి,” అంది దుభాషి. ఏజెంటు సౌండువాడి మీంచి చూపు తిప్పకుండానే పెట్టె తీసుకెళ్ళి పెట్టాడు.

“ముందు గది నిశ్శబ్దం రికార్డు చేస్తాను. ఎడిటింగ్‌లో మాటల మధ్య అతకడానికి కావాలి. ముప్పై సెకన్లు ఎవరూ కదలొద్దు,” అన్నాడు సౌండువాడు. దుభాషి ఫోన్ చేసుకోవాలంటూ బయటికి జారుకుంది.

గది మూగబోయింది. పదో సెకనులో సౌండువాడు భార్య చెవి దగ్గరికి వంగాడు. ఏజెంటు మళ్ళీ పళ్ళు పటపట కొరికాడు, ఇక ఆగలేదు. ఒక్క అంగలో వెళ్ళి వాడి మెడకు స్క్రూడ్రైవర్ ఆనించాడు.

“చంపితే తర్వాత చంపండన్నా,” వాడు హెడ్‌ఫోన్స్ అందించాడు. “ముందిది వినండి. బ్యాటరీ టిక్ టిక్ అనదు కదా?”

ఏజెంటుకు అర్థమైంది. ముఠాకు అమ్ముడుపోయింది దుభాషి. బాంబు మోసుకొచ్చి పెట్టింది తను. పెట్టె మూత ఊడబెరికాడు. పదకొండు సెకన్లు. నాలుగు వైర్లు. చెమటకు సగం మీసం ఊడి వేలాడింది. చివరి వైరు తెగేసరికి అంకె ఒకటి మీద ఆగింది.

ఏజెంటు ఫోన్ చేయగానే గేటు దగ్గర దుభాషి చీఫ్ మనుషులకు చిక్కింది.

“ఇక చెప్పనా అమ్మా?” ముసలావిడ అడిగింది. ఆ ముఠావాళ్ళ పేర్లు కొడుకుల పేర్లంత బాగా గుర్తున్నాయి ఆమెకు.

“ఒక్క నిమిషం పెద్దమ్మా, ఆ నిశ్శబ్దం మళ్ళీ రికార్డు చేయాలి.” భార్య వేలాడే మీసాన్ని తాపీగా చూసింది. “ఎలక్ట్రీషియన్ గారూ, ఈసారైనా పళ్ళు కొరక్కండి. పదేళ్ళుగా ఇంట్లో వింటున్నాను, సినిమాలో కూడా ఎందుకు?”